గుమ్మంలో ఖర్జూరం

నబవియ్యా ఇంటి వీధి తలుపుకు గడియ ఉంది గానీ అది పడదు. మొగుడు బతికుండగానే దాని కడ్డీ ఎక్కడో పోయింది. కొత్తది వేయించాలని ఆయనా అనుకోలేదు, ఆయన పోయాక ఆమె కూడా అనుకోలేదు. మిత్ షాహీన్ ఊళ్ళో ఆ సందు సందంతటికీ ఈ సంగతి తెలుసు. అందుకే కొడుకు తరఫు వకీలు వగీహ్ వచ్చి, కోర్టులో ఏం చెప్పాలో నేర్పుతుంటే ఆమెకు మొదట నవ్వు వచ్చింది.

"తలుపు గడియ వేసుంది. హవల్దారు తన్ని తోసుకుని లోపలికొచ్చాడు. అంతే హగ్గా, ఇంకొక్క మాట వద్దు," అన్నాడు వగీహ్. పెద్దావిడల్ని అక్కడ హగ్గా అనే పిలుస్తారు.

"ఏ గడియ నాయనా?" అంది నబవియ్యా.

వకీలు ఓపిగ్గా మళ్ళీ మొదలుపెట్టాడు. ప్రాసిక్యూటరు ఇచ్చిన కాగితం లేకుండా పోలీసు ఎవరింట్లోనూ సోదా చేయకూడదు, ఇంటివాళ్ళు ఒప్పుకుంటే తప్ప. తన దగ్గర కాగితం లేదన్న సంగతి హవల్దారు అవదల్లా దాచలేదు. తానెవరో చెప్పాననీ, ఇంటావిడే రమ్మన్నదనీ నివేదికలో రాశాడు. ఆ రమ్మనడం నిలబడితే, పప్పు డబ్బాలో దొరికిన హషీష్ మత్తుమందు ముక్కలూ నిలబడతాయి. కొడుకు రిఫాత్ ఏళ్ళకేళ్ళు జైల్లో ఉంటాడు. నిలబడకపోతే ఆ ముక్కలు ఉండీ లేనట్టే.

"కానీ దొరకడం నిజమే కదా," అంది ఆమె.

"దొరికిందా లేదా అని ఎవరడిగారు హగ్గా? ఎలా దొరికిందన్నదే గొడవంతా."

అతను వెళ్ళాక ఆమె గిన్నెలు తోముతూ కూర్చుంది. ఈమధ్య ఆమెకొక కొత్త అలవాటైంది. నీళ్ళలో ఉన్న తన కుడిచేతిని పరాయివాళ్ళ చేతిని చూసినట్టు చూస్తుంది. కిందటి రంజాన్‌లో ఆ హవల్దారును ఇంట్లోకి లాగింది ఆ చెయ్యే.

ఆ సాయంత్రం ఆమె మూలనున్న కొట్టుకు వెళ్ళి నిమ్మకాయలు పట్టుకుని గబగబా వస్తోంది. సందు ఖాళీ. పిల్లి కూడా ఏదో ఇంట్లోకి దూరింది. తన గుమ్మం పక్కన గోడకానుకుని, ముతక గలాబియ్యా వేసుకున్న మనిషి ఒకడు నిలబడి ఉన్నాడు. ఊరు కాని ఊళ్ళో పొద్దుగుంకిన బాటసారి అనుకుంది. సరిగ్గా అప్పుడే ఉపవాసం విడిచే అజాన్ వినబడింది. అతను నోరు తెరిచాడు, ఏదో చెప్పబోయాడు. ఆమె కొంగులోంచి ఖర్జూరం తీసి ఆ తెరిచిన నోట్లో పెట్టింది, చెయ్యి పట్టి లోపలికి లాగింది. రిఫాత్ పక్కనే కూర్చోబెట్టింది. చారు పోసింది, ములూఖియ్యా ఆకుకూర పెట్టింది, అన్నం మళ్ళీ మళ్ళీ వడ్డించింది. తిన్నాడు. బాగా తిన్నాడు. రిఫాత్ చేతులు కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్ళాడు, ఆమె లోపలి గదిలో నమాజుకు నిలబడింది. నుదురు చాప మీద ఆనించి ఉండగా వంటింట్లో పప్పు డబ్బా మూత చప్పుడైంది. ఆ మూత గొంతు ఆమెకు తెలుసు. అయినా నమాజు మధ్యలో లేవలేదు. ఆమె లేచి వచ్చేసరికి రిఫాత్ గోడ వైపు తిరిగి నిలబడి ఉన్నాడు. ఆ మనిషి మాత్రం తల వంచుకుని, నీ చేతులు చల్లగుండాలి తల్లీ అని, ఆమె కొడుకుని తీసుకుపోయాడు.

తోటికోడలు ఇత్మాద్ ఆ తర్వాత ఆమెను వదిలిపెట్టలేదు. "ఇకనుంచి గుర్తింపు కార్డు చూసి ఖర్జూరం పెట్టు అక్కా," అనేది. సందులో ఆడవాళ్ళు నవ్వేవారు. నబవియ్యా కూడా నవ్వేది.

వకీలు నేర్పిన అబద్ధం గొంతు దాటకపోవడం ఆమెకే వింతగా ఉంది. పాపభయం అనుకుందామంటే అదీ కాదు. ఆమె అబద్ధాలు ఆడని మనిషేం కాదు. అత్తతో ఆడింది, కరెంటు మీటరు వాడితో ఆడింది, చావు మంచంలో ఉన్న మొగుడితో రంగు తేరుకున్నావని చెప్పింది. అవన్నీ నీళ్ళలా జారిపోయాయి. ఇదొక్కటే ఎందుకు అడ్డం పడుతోంది? వెతగ్గా వెతగ్గా అడుగున దొరికింది చూసి సిగ్గుపడింది. గడియ వేసుందని చెబితే, పొద్దుగుంకే మగ్రిబ్ వేళ ఉపవాసమున్న మనిషిని గుమ్మం బయట నిలబెట్టిన ఆడదవుతుంది తను. ఆ మాట కోర్టు కాగితాల్లోకి ఎక్కుతుంది. అంటే తనకు కొడుకు కన్నా తన గుమ్మానికున్న పేరే ఎక్కువా? ఈ ప్రశ్నను తిప్పి తిప్పి చూసింది. ఒకసారి అవుననిపించింది, ఒకసారి కాదనిపించింది. కనీసం ఆ ఖర్జూరం పెట్టినందుకైనా పశ్చాత్తాపపడదామని చూసింది. అదీ రాలేదు. మళ్ళీ ఆ గోడ పక్కన ఆ మనిషే నిలబడితే మళ్ళీ లాగుతుంది. ఇది తెలిశాక ఆమెకు హాయిగా నిద్రపట్టింది, పొద్దున్నే ఆ నిద్రను తలుచుకుని ఆశ్చర్యపోయింది.

కోర్టులో రిఫాత్‌ను ఇనుప చువ్వల బోనులో నిలబెట్టారు. చిక్కిపోయాడు. మధ్య కుర్చీలో ఉన్న న్యాయమూర్తి నెరిసిన మీసాలవాడు. ఆమెను చూసి గొంతు తగ్గించాడు.

"కన్నతల్లివి హగ్గా. కొడుకు కేసులో సాక్ష్యం చెప్పి తీరాలని చట్టం అనదు. ఇంటికి పోతానంటే పోవచ్చు."

"ఇంతదూరం వచ్చి నోరు మూసుకుని పోతే బస్సువాడు నవ్వుతాడయ్యా," అంది నబవియ్యా.

ప్రమాణం చేయించారు. వగీహ్ లేచి, హవల్దారు తలుపు తోసుకుని వచ్చాడు కదూ అన్నాడు.

"లేదు నాయనా. నేనే చెయ్యి పట్టుకుని లాగాను."

వగీహ్ కళ్ళు మూసుకున్నాడు. బోనులో రిఫాత్ నుదురు చువ్వకు ఆనించాడు. ముందు వరసలో అవదల్లా మాత్రం సంతోషించినట్టు కనబడలేదు, తన బూట్ల వైపు చూసుకుంటున్నాడు. అయిపోయింది, అనుకుంది నబవియ్యా. నా నోటితో నేనే వాడి దారి మూసేశాను.

న్యాయమూర్తి మాత్రం కలం పక్కన పెట్టాడు. "నువ్వు లాగేముందు అతనెవరో చెప్పాడా?"

"ఎలా చెబుతాడయ్యా, నోట్లో ఖర్జూరం పెట్టేశానుగా."

వెనక బెంచీల్లో నవ్వులు. బంట్రోతు కసిరాడు గానీ అతని మీసాల కింద కూడా నవ్వుంది.

"నువ్వైనా అడగలేదా, ఎవరు నువ్వని?"

"ఆ వేళలో పేరడుగుతారా అయ్యా? అడిగితే, నా అన్నానికి తగినవాడివేనా నువ్వు అని అడిగినట్టు కాదూ?"

న్యాయమూర్తి అవదల్లాను లేపాడు. ఈ ఖర్జూరం సంగతి నీ నివేదికలో లేదేమన్నాడు. హవల్దారు నబవియ్యా వైపు చూశాడు. రాసిన మాటే మళ్ళీ చెబితే సరిపోయేది. ఆమె అతన్ని చూస్తోంది, కోపంగా కాదు, పెట్టింది సరిగ్గా తిన్నాడా అని చూసినట్టు.

"ఖర్జూరం నిజమేనయ్యా," అన్నాడు చివరికి.

"అది మింగాక చెప్పావా?"

"మింగగానే చారు ఇచ్చింది. తర్వాత ములూఖియ్యా. చెప్పడానికి సందు దొరకలేదయ్యా."

"తిన్నాక?"

"తిన్నాక ఆమె నమాజుకు వెళ్ళింది."

"నువ్వు డబ్బా దగ్గరికి వెళ్ళావు."

"అవునయ్యా."

ముగ్గురు న్యాయమూర్తులూ లోపలికి వెళ్ళి వచ్చారు. తీర్పులోని బరువైన మాటల్లో నబవియ్యాకు అర్థమైంది కొంచెమే, కానీ అసలైనదే. ఎవరు వస్తున్నారో, ఎందుకు వస్తున్నారో తెలిసి ఇచ్చినదే అనుమతి. ఈమె పిలిచింది ఆకలిగా ఉన్న మనిషిని, సోదాకు వచ్చిన పోలీసును కాదు. అన్నం పెట్టడానికి తీసిన తలుపు చట్టం దృష్టిలో మూసి ఉన్న తలుపే. ఆ దారిన వచ్చి పట్టుకున్న దేన్నీ ఈ కోర్టు చూడదు. రిఫాత్‌ను వదిలేయమన్నారు.

వగీహ్ మెట్ల మీద ఆమె చేతిని ముద్దుపెట్టుకుని, నేను నేర్పింది చెప్పుంటే మునిగేవాళ్ళం, ఆ తలుపు సంగతి వీధిలో ఎవర్నడిగినా చెప్పేవాళ్ళు అన్నాడు. అవదల్లా పక్కకు తప్పుకుని సలాం చెప్పాడు. ఆమె బదులు చెప్పింది. ఇతనూ చిక్కాడే, అనుకుంది.

ఇంటికి వచ్చాక రిఫాత్ తల్లి పాదాల దగ్గర కూర్చున్నాడు. స్నేహితుడు దాచమని ఇచ్చాడని, వాడి పేరు చెప్పబోయాడు.

"పేరు నాకొద్దు. ఎలా దొరికిందో కూడా నాకనవసరం. దొరికింది. కోర్టువాళ్ళు ఆ డబ్బా చూడలేదురా, నేను చూశాను," అంది నబవియ్యా.

పప్పు డబ్బా కొడుకు చేత ఇసుకతో తోమించింది, ఎండలో పెట్టించింది, మళ్ళీ తోమించింది. అతను వడ్రంగి పనికి పోయి మొదటి వారం తెచ్చిన కూలితో దాన్ని ఎర్రపప్పుతో నింపించింది. రంజాన్ వస్తే సందు మొగదల నిలబడి, ఇల్లు చేరలేని ప్రతివాడికీ ఖర్జూరం ఇవ్వాల్సింది నువ్వే అంది.

రంజాన్ వచ్చింది. మొదటి సాయంత్రం అతను పళ్ళెం పట్టుకుని బయలుదేరబోతుండగా తలుపు చప్పుడైంది. రిఫాత్ చెయ్యి తలుపు మీద ఆగిపోయింది.

"ఎవరు?" అన్నాడు.

నబవియ్యా గరిటె పట్టుకుని వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడింది. మసీదు మైకు గరగరమంది. రిఫాత్ చెవులు ఎర్రబడ్డాయి. పళ్ళెంలోంచి ఒక ఖర్జూరం తీసుకుని తలుపు లాగాడు. బయటి మనిషి "నేను..." అనబోయాడు, అంతలో నోట్లో ఖర్జూరం పడింది.

అతనెవరో, ఏ పని మీద వచ్చాడో చారు తాగాక తెలిసింది.