అత్తగారి ఫెర్న్‌కి క్షవరం

వంకరగా ఉన్నది ఏది కనిపించినా అతని చెయ్యి ఊరుకోదు. తన సెలూన్‌లో గోడ మీద క్యాలెండరు దగ్గర్నుంచి, వచ్చినవాళ్ళ చొక్కా కాలరు దాకా సర్దితే గాని ప్రాణం కుదుటపడదు. అందుకే వీధి వీధంతా అసలు పేరు మరిచిపోయి దువ్వెన అని పిలుస్తుంది.

అలాంటివాడి పాలబడింది అత్తగారి ఫెర్న్ మొక్క. ఆవిడ పోయాక భార్య పుట్టింటి నుంచి తెచ్చుకున్నది ఆ కుండీ ఒక్కటే. ఇంట్లో ఎండకి మాడిపోతుందని, సెలూన్‌లో నీడా చెమ్మా ఉంటాయని, పెద్ద అద్దం పక్కన స్టూలు మీద పెట్టింది. ఏడాది పొడవునా పచ్చగా ఉండే రకం. ఈకల్లాంటి ఆకులు కుండీ చుట్టూ వాలి ఉంటే సెలూన్‌కే కళ వచ్చింది. వచ్చినవాళ్ళు అద్దంలో తమ మొహం కంటే దాన్నే ఎక్కువ చూసేవారు. చాలామంది విషయంలో అది న్యాయమే.

పోను పోను ఆకులు ఒక్కొక్కటే పండి రాలాయి. కొత్తది ఒక్కటీ రాలేదు. భార్య పౌడరుని అనుమానించి పౌడరు మాన్పించింది. ఫ్యానుని అనుమానించి ఫ్యాను ఆపించింది. గడ్డం గీయించుకునేవాళ్ళు చెమటలు కక్కారు గాని మొక్క మాత్రం బోడిగానే తయారైంది.

ఆ రోజు పోస్టుమాస్టరుగారికి ఒక చెంప గీయడం అయింది. భార్య చెంబుతో వచ్చి, మొక్కకి నీళ్ళు పోసి, స్టూలు పక్కనే చతికిలబడింది.

"ఇంక ఇది బతకదండీ."

"బతక్కేం? పాతవి రాలితే కొత్తవొస్తాయి."

"ఎక్కడొస్తున్నాయి? అమ్మ దగ్గరుండగా మధ్యలోంచి వంకర వంకరగా చుట్టలు లేచేవి. అవే విచ్చుకుని ఆకులయ్యేవి. ఇక్కడికొచ్చాక ఒక్క చుట్ట లేస్తే ఒట్టు." ఆమె రాలిన ఆకొకటి ఏరి ఒళ్ళో పెట్టుకుంది. "రమ్మని కబురు పెడితే రేపొస్తా, ఎల్లుండొస్తా అన్నాను. నే వెళ్ళేసరికి కళ్ళు మూసింది. అమ్మకి నా మీద కోపం పోలేదండీ. అందుకే ఇది నా చేతిలో చస్తోంది."

దువ్వెన చేతిలో కత్తి పోస్టుమాస్టరుగారి రెండో చెంప మీదే ఆగిపోయింది. రోజూ పొద్దున్నే తలుపు తీయగానే ఆ వంకర చుట్టల్ని వెతికి వెతికి, అత్తగారి మొక్క నీటుగా ఉండాలని, చిన్న కత్తెరతో కత్తిరిస్తున్నది తనే!

నోరు మూసుకుంటే ఎవరికీ తెలీదు. రేపట్నుంచి కత్తెర పెట్టకపోతే మొక్క దానంతటదే తేరుకుంటుంది. కానీ తల్లి కోపంతోనే పోయిందన్న మాట ఈ పిచ్చిదాని మనసులో ఎప్పటికీ ఉండిపోతుంది.

"మీ అమ్మ కాదు, నేను," అన్నాడు. "చుట్టలు లేస్తూనే ఉన్నాయి. నేనే కత్తిరించేస్తున్నా. వంకరగా ఉన్నాయని."

పోస్టుమాస్టరుగారు గట్టిగా కళ్ళు మూసుకున్నారు.

"రోజూనా?" అంది ఆమె.

"సెలవు రోజు తప్ప."

"అంటే... అమ్మ మొక్క చిగురేస్తూనే ఉందా?"

"ఆగితేగా! నేను కొయ్యడం, అది లెయ్యడం."

ఆమె లేచి, కుర్చీ మీది తువ్వాలు లాక్కుని, మొగుణ్ణి ఎడాపెడా బాదింది.

"అమ్మా, ఆయన చేతిలో కత్తుందమ్మా," అని గుర్తుచేసి, పోస్టుమాస్టరుగారు సగం గడ్డంతోనే బయటపడ్డారు.

చెయ్యి నొప్పెట్టాక తువ్వాలు వదిలేసి, ఆమె అతని భుజం మీద తల ఆన్చి బావురుమంది. తల్లి పోయిన రోజు కూడా ఆమె కంట చుక్క నీరు రాలేదు.