ఒక మెట్టు కిందికి

కీబోర్డు మీద దుమ్ము తుడుస్తూ ముసలాయన ఒక్కో మీటా నొక్కి చూస్తున్నాడు. వంగిన వీపు, మోచేతుల దగ్గర అరిగి పలచబడ్డ చొక్కా. టీవీ పాటల పోటీలో ఇరవై రెండేళ్లుగా వెనక వరస ఆయనదే. కెమెరాకి ఆయన మోచేతులు తప్ప ఏనాడూ ఏమీ కనపడలేదు. స్టూడియోలో అందరికీ ‘శ్రుతి బాబాయ్’. ఒకప్పుడు తనూ పాడేవాడే. రోజుకి మూడు ప్రదర్శనలు, ఎవరి శ్రుతిలోనో అరిచి అరిచి, ముప్ఫై దాటకముందే గొంతు చిరిగింది. ఇప్పుడు మాట్లాడితే ఇసుక జల్లించినట్టుంటుంది.

పదింటికి కుట్టుపిల్ల వచ్చింది. బట్టల ఫ్యాక్టరీలో చొక్కా కాలర్లు కుట్టే మనిషి. పోటీలో పాడినవన్నీ ఇంకొకళ్ల పాటలే. అయితేనేం, ఆమె పాడాక జనం అసలు పాటలు మర్చిపోయారు. గంతులేసే పాటని జోలపాట చేస్తే కెమెరామన్ కెమెరా తిప్పడం మానేసి నిలబడిపోయాడు. ఇద్దరు మగాళ్ల తగువు పాటని ఒక్కతే రెండు గొంతుల్లో పాడి జడ్జీల్ని పడీపడీ నవ్వించింది.

ఇవాళ సెమీఫైనల్. ఆమె మొహంలో నెత్తురు చుక్క లేదు.

“బాబాయ్, పైకెళ్తే గొంతు గీసుకుపోతోంది. లోపల కాయలు లేచాయన్నాడు డాక్టరు. నెల రోజులు నోరు మూసుకోమన్నాడు.”

“డైరెక్టరుకి చెప్పావా?”

“చెప్పా. ప్రోమో వేసేశారంట. అసలు శ్రుతిలోనే పాడాలంట. మానేస్తే కోర్టుకి లాగుతారంట.”

“శ్రుతి దించితే మార్కులు కోస్తారమ్మాయ్. ఇంటికి పోతావు.”

“పోతే పోతా. ఇంట్లో నా కూతురుంది. దాన్ని పిలవడానికైనా గొంతు మిగలాలి కదా.”

బాబాయ్ లేచి వెళ్లి గిటారు, బేసు, వయొలిన్ వాయించేవాళ్లతో కలిసి టీ తాగొచ్చాడు. టీవీ వాళ్లకి మనిషి గొంతంటే బల్బులో తీగ. మాడేదాకా వెలిగించడమే.

మధ్యాహ్నం రికార్డింగు. పాట ఎత్తుకునే ముందు మోగే వాయిద్యాన్ని మాత్రమే డైరెక్టరు అసలు పాటతో సరిచూస్తాడు. ఆ తర్వాత ఆయన చెవులు ఫోనుకి అంకితం. ఇది వెనక వరస వాయిద్యాలవాళ్లకి ఎప్పుడో తెలుసు.

ముందు వాయిద్యం అసలు శ్రుతిలోనే మోగింది. పల్లవికి ముందు రెండు దెబ్బల ఖాళీ. బాబాయ్ చూపుడువేలు నేలకేసి తిప్పాడు. నలుగురూ శ్రుతిలో ఒక మెట్టు దిగారు. కుట్టుపిల్ల ఒక్క క్షణం ఆయనవైపు చూసి అందుకుంది. పైస్థాయి వచ్చింది. తలుపు తీసే ఉన్నట్టు దాటేసింది.

జడ్జీలు చప్పట్లు కొట్టారు, పది మార్కులు కోశారు. ఆమె పోటీలోంచి పోయింది.

డైరెక్టరు మీదికొచ్చాడు. “ఎవడు దించింది?”

“వేలు జారింది సార్.”

“నలుగురికీ ఒకేసారా?”

“బృందం కదా సార్. ఒకళ్లు జారితే అందరం జారతాం.”

బేసువాడు దగ్గు వచ్చినట్టు మొహం తిప్పుకున్నాడు. డైరెక్టరు పళ్లు కొరికి వెళ్లిపోయాడు.

కుట్టుపిల్ల తన పాత చీర కట్టుకుని వచ్చింది. “నొప్పి లేదు బాబాయ్.”

“హమ్మయ్య. ఇంక మాట్లాడకు. నెల రోజులు.”

ఆమె నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వింది. తన చెప్పులేసుకుని చకచకా మెట్లు దిగి వెళ్లిపోయింది. ఎన్నేళ్ల నుంచో గుండెల మీదున్న బరువేదో దిగినట్టయి, బాబాయ్ నిండుగా ఊపిరి పీల్చుకున్నాడు.

కీబోర్డు స్టాండు కింద, స్టూడియో వాళ్లిచ్చిన ఎత్తుమడమల జోడు. ఆమె పాదానికి ఒక సైజు పెద్దవి. ముందుభాగంలో కుక్కిన కాలరు గుడ్డ పేలికలు ఇంకా ఆమె కాలివేళ్ల ఆకారంలోనే ఉన్నాయి.