నలభై ఏడో గుంజ

ఆ ఏడాది నవంబరులో బుర్గికి కుడి కాలి వేళ్లు మొద్దుబారాయి. మంచు కొండ మీద గుంజల మధ్య స్కీలతో దూసుకుదిగే స్లాలమ్ పందేలాడే ఆడపిల్లలు పాదానికి రెండు సైజులు చిన్న బూటు తొడిగి, బకిళ్లు ఊపిరాడకుండా బిగిస్తారు. స్పర్శ పోవడం, బూటు విప్పాక తిరిగి రావడం వాళ్లకు రోజూ ఉండే భాగోతమే. జనవరి వచ్చేసరికి బూటు విప్పినా స్పర్శ రావడం మానేసింది. కోచ్‌కి చెబితే మరుక్షణం ఇంటికి పంపేస్తాడు. అందుకని నోరు మూసుకుని బకిలు ఇంకో పన్ను బిగించింది. పిచ్చిపిల్ల అనండి, మొండిఘటం అనండి, ఆ పని చేయనివాళ్లు ఆ జట్టులో ఒక్కరూ లేరు.

బుర్గికి ఇరవై ఏడేళ్లు. యూరప్ కప్పు అంటే ప్రపంచ కప్పుకి గడప. ఆ గడప మీద ఆమె ఏడేళ్లుగా నిలబడే ఉంది. సీజను చివర స్లాలమ్ పట్టికలో మొదటి ముగ్గురికీ మరుసటి ఏడు ప్రపంచ కప్పులో చోటు ఖాయం. ఈసారి నాలుగో స్థానం వచ్చినా సరే జట్టులోంచి తీసేస్తామని స్కీ సమాఖ్య పెద్దలు సెప్టెంబరులోనే మొహం మీద చెప్పారు.

మరి ఆడింది, బాగానే ఆడింది. నార్వేలో మూడో స్థానం, ఇటలీలో బొక్కబోర్లా పడటం, స్విట్జర్లాండులో రెండో స్థానం. మెడలో పతకం వేసినా, మంచులో మొహం గుద్దుకున్నా ఆమెకు ఒకటే అనిపించేది, అంటే ఏమీ అనిపించేది కాదు. బస్సు, హోటలు, సేమ్యా సూపు, మళ్లీ బస్సు. గదిలో పక్క మంచం రొమానాది. ఆ పిల్లకి ఇరవై ఒకటి. గెలిస్తే మంచం మీద పిల్లిమొగ్గలు, ఓడితే ముసుగు తన్ని ఏడుపు. నీకు ఏడుపు కూడా రాదా అని ఒకసారి బుర్గిని అడిగింది. రావడం లేదంది బుర్గి.

చివరి పందెం మార్చిలో, బుర్గి పుట్టిన లోయలోనే పడింది. అప్పటికి పట్టికలో బుర్గి మూడోది, పద్నాలుగు పాయింట్ల వెనక రొమానా నాలుగోది. ఒకే గదిలో పడుకునే ఇద్దరికి ఉన్నది ఒకటే చోటు.

దారి పొడవునా గుంజలు పాతిన గేట్ల దగ్గర కాపలా ఎప్పటిలాగే ఊరి క్లబ్బువాళ్లది. మనిషికి ఐదారు గేట్లు అప్పగించి, చేతికో అట్టా పెన్సిలూ ఇస్తారు. స్కీలు రెండూ గుంజకి ఒకే వైపునుంచి పోవాలి. గుంజ కాళ్ల మధ్యన దూరిందా, పరుగు చెల్లదు. అది ఎవరికి జరిగిందో రాయడమే వాళ్ల పని. నలభై ఐదు నుంచి యాభై దాకా కాస్సియన్‌వి. రిటైరైన పోస్ట్‌మాన్. బుర్గికి నాలుగేళ్లప్పుడు నడుముకి తాడు కట్టి స్కీ నేర్పింది ఆయనే. ముప్పై ఏళ్లుగా ఆయన అట్ట మీద రాసిందానికి తిరుగులేదు. సొంత మనవడినే రెండుసార్లు రాసి పారేశాడని ఊళ్లో ఇప్పటికీ చెప్పుకుంటారు.

రెండో పరుగులో బుర్గి బాగా దిగింది. తడిమంచు, ఉప్పు చల్లి గట్టిపరిచారు. నలభై ఏడో గుంజ దగ్గర స్కీ ఒక్క క్షణం ఊగింది, సర్దుకుంది. కింద గీత దాటి బోర్డు చూస్తే రెండు పరుగులూ కలిపి నాలుగో సమయం. రొమానాది ఏడోది. లెక్క తేలిపోయింది, చోటు బుర్గిదే. మైకులో ఆమె పేరు అరిచారు, సొంత లోయ జనం అక్కడి రివాజు ప్రకారం ఆవుగంటలు వాయించారు. రొమానా పరుగెత్తుకొచ్చి మెడకు చుట్టుకుంది.

"నాకేం కుళ్లు లేదే," అంది ముక్కు ఎగబీలుస్తూ. "కొంచెం ఉందిలే. సాయంత్రానికి పోతుంది."

బుర్గి ఆమె వీపు తట్టి, బకిళ్లు విప్పుకోవడానికి బెంచీ మీద కూర్చుని వంగింది. కుడి బూటు లోపలి వైపు, బొటనవేలి దగ్గర, నీలిరంగు గీత ఉంది. గుంజ రంగు బూటు బయటివైపు అంటడం మామూలే. లోపలివైపు అంటిందంటే దానికి ఒక్కటే అర్థం. అలాంటప్పుడు ఎవరూ రాయకముందే తమంతట తాము ఆగిపోవడం స్లాలమ్ ఆడేవాళ్ల మర్యాద. గుంజ తగిలితే కాలికి తెలియకపోవడం ఉండదు. కానీ బుర్గి కాలికి నవంబరు నుంచి ఏదీ తెలియడం లేదు. పొద్దున సాధనలో అంటిందేమో అనుకుంది. ఏమో, అయ్యుండొచ్చు కూడా.

ఇంతలో గేట్లవాళ్లు అట్టలు పట్టుకుని దిగివచ్చారు. పరుగు చెల్లనివాళ్ల జాబితా రిఫరీ అంటించాడు. ఎవరికైనా అభ్యంతరముంటే పదిహేను నిమిషాల్లో చెప్పాలి. జాబితాలో బుర్గి పేరు లేదు. కాస్సియన్ ఆమె పక్కనుంచే నడిచాడు. పందెం అవ్వగానే భుజం చరిచి, మోకాళ్లు వంచవేం అని తిట్టే మనిషి, తల వంచుకుని సూపు డేరా వైపు వెళ్లిపోయాడు. ఆ ముసలాయన తల వంచుకుని నడవడం బుర్గి పుట్టాక చూడలేదు. అప్పుడు తెలిసిపోయింది, నలభై ఏడు దగ్గర ఏం జరిగిందో.

ఆమె అలాగే కూర్చుంది. సిగ్గో భయమో ఏదో ఒకటి వస్తే దాని వెంట పోదామని చూసింది. ఏదీ రాలేదు. ఆరు నిమిషాలు అలాగే పోయాయి. లేచి, కుంటుకుంటూ రిఫరీ దగ్గరికి వెళ్లి, బూటు చూపించింది.

"నలభై ఏడు దగ్గర గుంజ దూరింది. నాకు తెలీలేదు. గేటు దగ్గరున్నాయనకి కనపడి ఉండదు, మంచు బాగా లేచింది," అంది.

రిఫరీ కాస్సియన్‌ని పిలిపించి, మంచు అడ్డమొచ్చిందా అని అడిగాడు. తప్పించుకోవడానికి తలుపు బార్లా తెరిచే ఉంది. ఆయన బుర్గి వంక చూడలేదు.

"కనపడింది," అన్నాడు. "నేనే రాయలేదు."

చేతికున్న గేటుకాపరి పట్టీ విప్పి బల్ల మీద పెట్టాడు. రిఫరీ బుర్గి పేరు ఎదురుగా గీత కొట్టి, సీజను పట్టికలో రొమానాని మూడో స్థానంలో రాశాడు. కోచ్ వచ్చి, కుంటడం చూసి ఆరా తీసి, కాలి సంగతి ఎందుకు దాచావని కేకలేశాడు. బుర్గి అన్నిటికీ తలూపింది. ఏడేళ్ల గడప పోయింది, అయినా కంట్లో చుక్క లేదు.

జనం పలచబడ్డాక కాస్సియన్ వచ్చి బెంచీ మీద ఆమె పక్కన కూర్చున్నాడు.

"ఎందుకు రాయలేదు?" అంది బుర్గి.

"చెయ్యి రాలేదు పిల్లా. తెలిసి కూడా ఆగకుండా పోయావే అనుకున్నా. ఏడేళ్లుగా చస్తున్నావు, పోనీలే, ఈ ఒక్కసారికి దొంగతనం చేసుకోనీ అనుకున్నా."

బుర్గి ఆయన వైపు తిరిగింది.

"తెలిసి పోతానా నేను? నన్ను అలా అనుకున్నావా?"

ఆయన కాదనలేదు. అట్ట మీద ఆడిన ఆ ఒక్క అబద్ధమే ఆ ముసలాయనకి ఆ పూటకి చాలు.

పతకానికీ రాని ఏడుపు, చోటు పోయినా రాని ఏడుపు, అప్పుడు ముంచుకొచ్చింది. తాడు పట్టుకుని స్కీ నేర్పినవాడే తనని దొంగ అనుకున్నాడు, అనుకుని కూడా జాలిపడ్డాడు. ఆ జాలి ఆమె భరించలేకపోయింది. నాకు తెలీలేదు, నిజంగా తెలీలేదు, కాలు చచ్చిపోయింది కాస్సియన్ అంటూ అన్నమాటే మళ్లీ మళ్లీ అంది. ఆయన కింద మోకాళ్ల మీద కూర్చుని, ఆమె కుడి బూటు విప్పసాగాడు. మేజోడు లాగి, తెల్లగా పాలిపోయిన ఆ వేళ్లు చూసి, నమ్మాడు.