అరగంట కుర్చీ

సూదితో పొట్టపోసుకునే దర్జీకి సూదంటేనే భయం. అది గుడ్డలో దిగితే కూడు, ఒంట్లో దిగితే గోడు. చిన్నప్పుడు ఏదో ఇంజెక్షన్‌కి మొహం వాచి, గొంతు బిగిసి, చావు గడప దాకా వెళ్లొచ్చాడు.

"ఏ మందు పడలేదు బాబాయ్?" టీకా గదిలో నర్సు అడిగింది.

"అది మా అక్కకి తెలుసమ్మా. నాకు వాచడం ఒక్కటే తెలుసు."

"పేరు తెలిశాకే వేద్దామన్నారు డాక్టరుగారు. ఆవిణ్ణి అడగండి."

అక్కడే వచ్చింది చిక్కు. బావకు కుట్టిన కోటు బిగుతైన రోజున అక్కాతమ్ముళ్ల నోళ్లు వదులయ్యాయి. అప్పట్నుంచీ మాటల్లేవు. ఇప్పుడతనితో మాట్లాడేది కుట్టు మిషనొక్కటే, అదీ తొక్కితేనే.

తప్పక ఫోన్ చేశాడు.

"నేనేనక్కా."

అవతల గిన్నెల చప్పుడు ఆగింది. "బతికే ఉన్నావా?"

"ఇప్పటిదాకా. టీకాకొచ్చా. చిన్నప్పుడు నాకు పడని మందేదీ?"

"పెన్సిలిన్. చెవిపోటుకి వేశారు. నిన్ను భుజాన వేసుకుని పరిగెత్తింది నేనేగా, మర్చిపోతానా?"

నర్సు పిలిస్తే డాక్టరు వచ్చి మందు పేరు విన్నాడు. ఈ టీకాలో అది లేదు, వేసుకోవచ్చన్నాడు. కానీ అరగంట తమ కళ్లెదుటే కూర్చోవాలి. దురదొచ్చినా, పెదవులు వాచినా, ఊపిరాడకపోయినా వెంటనే చెప్పాలి.

"ఫోన్ పెట్టెయ్యకు, ఒక్కడివే ఉన్నావు" అంది అక్క.

సూది దిగింది. కుర్చీలో కూర్చున్నాడు. చెవిలో అక్క ఇంటి చప్పుళ్లు: కుళాయి, తలుపు, బావ దగ్గు.

"దురదా?"

"లేదు."

"గొంతు జీరబోయిందేరా?"

"చాన్నాళ్లుగా వాడక."

అవతల అక్క కుళాయి మళ్లీ తిప్పింది.

"అరగంటయింది బాబాయ్, వెళ్లొచ్చు" అంది నర్సు.

కాస్త దురదగా ఉందంటే అక్క ఇంకాసేపు ఫోన్‌లో ఉంటుంది. అబద్ధం నాలుక చివరిదాకా వచ్చింది. ఎదురుగా, అతనికేమైనా అయితే వెయ్యడానికి సిద్ధంగా ఉంచిన సూదిమందుల ట్రే కనిపించింది.

"ఏం కాలేదక్కా. బాగానే ఉన్నా."

"సరే. ఉంటా మరి."

ఆగిపోయిన ఫోన్‌ని కాసేపు చెవికే ఆనించుకున్నాడు.

"రెండో డోసు ఎప్పుడమ్మా?"

"వచ్చే నెల. మందు పేరు రాసుకున్నాంలెండి, ఇక ఎవర్నీ అడగక్కర్లేదు."

దర్జీ లేచి చొక్కా చేయి కిందికి దించుకున్నాడు.

"నేను మళ్లీ మర్చిపోతానమ్మా" అన్నాడు.