సెవార్డ్ పేరిట గుడి

బిషప్పు గారు కొత్త గుడి చుట్టూ మూడోసారి తిరుగుతున్నారు. వాన వెలిసి నేలంతా బురద. వెనకే నడుస్తున్న ఆర్డ్‌గర్ దొరకి కాలు నిలవడం లేదు. ఈ పూట ప్రతిష్ఠ జరిగితేనే చనిపోయిన తమ్ముడు సెవార్డ్ కోసం లోపల పూజ మొదలవుతుంది. లేదంటే, పాపాలు ఒప్పుకోకుండానే పోయిన ఆ ప్రాణం ఎక్కడ కాలుతోందో అక్కడే ఉంటుంది. ఏడాదిగా దొర కంటి మీద కునుకు లేనిది అందుకే.

తలుపు పక్కన గోడలో శాసనం బిగించారు. 'తమ్ముడు సెవార్డ్ మీది ప్రేమతో, అతని ఆత్మ కోసం, ఆర్డ్‌గర్ ఈ గుడి కట్టించి నేడు ప్రతిష్ఠ చేయించాడు.'

బిషప్పు చేతికర్రతో తలుపు తట్టారు. "తలుపులు తెరవండి, మహిమగల రాజు వస్తున్నాడు."

లోపలున్న గురువు "ఎవరా రాజు?" అని అడగడం ఆచారం. కానీ పలికింది దొర తల్లి వుల్ఫ్‌రన్.

"గురువు గారు మూల కూర్చుని జపం చేసుకుంటున్నారు, ఆయన్నేమీ అనకండి. గడియ నా చేతిలో ఉంది. ఒరే ఆర్డ్‌గర్, ఆ రాతి మీద ఏం రాయించావో చదువు."

జనంలో ఎవరో కిసుక్కుమన్నారు. దొర చెవులు ఎర్రబడ్డాయి.

"అమ్మా, నా పరువు తీయకు. బిషప్పు గారు బురదలో నిలబడ్డారు."

"నిలబడనీ. నా చిన్నోడు మంచులో నిలబడలేదూ?"

దొర చదివాడు. 'ప్రేమతో' అన్న మాట గబగబా దాటేశాడు.

"ప్రేమా? నీటిమరలో వాటా అడగడానికి, ఒళ్ళు కాలిపోతున్న జ్వరంతో వచ్చి నీ తలుపు కొట్టాడే, అప్పుడెక్కడ దాచావురా దాన్ని? మర్నాడు నా ఒళ్ళోనే పోయాడు. ఇప్పుడు దేవుడి గోడకే అబద్ధం అతికిస్తావా?"

"దొరా," అన్నారు బిషప్పు మెల్లగా, "అబద్ధానికి నేను ప్రతిష్ఠ తైలం పూయలేను."

దొరకి తల్లి మీద కోపం ముంచుకొచ్చింది. ఆ వెంటే ఏడుపూ వచ్చింది.

"నిజమే. నేను తీయలేదు," అన్నాడు అందరూ వింటుండగా. "వాడు కొడుతూనే ఉన్నాడు. నేను రొట్టె తింటూ కూర్చున్నాను."

రాతిపనివాడు లీఫింగ్‌ని పిలిచాడు. "ఆ 'ప్రేమతో' అన్న మాట చెక్కి తీసెయ్."

"గుంట పడుతుంది దొరా. అందరికీ కనబడుతుంది."

"కనబడనీ."

ఉలి చప్పుడు ఆగేలోపే గడియ జరిగింది. వుల్ఫ్‌రన్ గడప మీదకి వచ్చి, పెద్దకొడుకు భుజం మీదుగా ఎవరూ లేని దారి వైపు చూసింది.

"రా సెవార్డ్," అంది, "అన్నయ్య తలుపు తీశాడు."