తాగి పడ్డాడని రాసిన కాగితం

కొత్తవాగు స్టేషన్‌లో ఉన్నది ఒకటే ప్లాట్‌ఫారం. అది పట్టాలకు అవతల, ఊరు ఇవతల. ఉదయం ఏడింటి ప్యాసింజరులో నలభై మంది దాకా బొగ్గుగనుల పనికీ, అక్కడి కాలనీల్లో కూరగాయలు అమ్మడానికీ పోయి సాయంత్రానికి తిరిగొచ్చేవారు. సరిగ్గా ఉదయం ఆ ప్యాసింజరు వేళకే ఒక గూడ్సు బండి నీళ్ల కోసం మధ్య లైనులో ఆగేది. చుట్టూ తిరిగి పోవాలంటే మైలు దూరం. అందరూ డబ్బాల కిందనుంచే వంగి దూరేవాళ్లు.

1958 వానాకాలంలో ఒక ఉదయం పర్శరాములు అట్లా దూరుతుండగా గూడ్సు కదిలింది. కూత లేదు. వెనకే తోటకూర గంపతో ఉన్న భార్య లస్మవ్వ గంప వదిలేసి అతన్ని వెనక్కి లాగింది. మనిషి దక్కాడు. కుడికాలు మోకాలి కింద పోయింది.

నెల తిరిగాక స్టేషన్‌లో పట్టాలు మార్చే పాయింట్స్‌మన్ అంబదాస్ వాళ్లింటికి వచ్చాడు. కూర్చోమన్నా కూర్చోలేదు.

"వదినే, అన్న తాగి పట్టాల మీద పడ్డడని టేషన్ మాస్టర్ కాయితం రాసిండు. బుధవారం రైల్వే పెద్దసారు విచారణకు వస్తుండు."

"బండి కూత ఎయ్యలేదని రాయలేదా?"

"రాయలే. కింద మనుషులున్నరో లేరో చూడకుంటనే మాస్టర్ పచ్చజెండా ఊపిండు. నేను చూసిన. గాని నా పేరు చెప్పకు, నౌకరీ పోతది."

లస్మవ్వ తడిచేతులతోనే స్టేషన్‌కు పోయింది.

"రాసింది రాసినట్టే ఉంటుంది. అయినా నీ మొగుడు తాగడా ఏంటి?" అన్నాడు మాస్టర్.

"తాగుతడు. ఆదివారం తాగుతడు. గా పొద్దు తాగింది నేను పోసిన అంబలి!"

ఆయన ఫోను అందుకుని అటు తిరిగాడు. ఆమెకు ఒళ్లంతా మండింది.

సోమవారం ఉదయం గూడ్సు పక్కన జనం వంగబోతుంటే లస్మవ్వ అడ్డం నిలబడింది.

"వంగకుండ్రి! ఎవ్వరూ దూరకుండ్రి! బండి జరిగి దారి ఇచ్చేదాక ఈడనే నిలబడుదాం."

కూరగాయల బుచ్చవ్వకు కోపమొచ్చింది. "నీ మొగని కాలు పోయిందని మా బేరాలు పోవాల్నా?"

"రేపు నీ కాలు పోతది. నువ్వు గూడ తాగినవనే రాస్తడు!"

బుచ్చవ్వ తల మీది గంప దించింది. అవతల ప్యాసింజరు వచ్చింది, వెళ్లిపోయింది. ఇవతల చాలామంది ఎక్కకుండా మిగిలిపోయారు. కొందరు లస్మవ్వను తిట్టిపోశారు. మంగళవారం సగం మంది ముందే బయలుదేరి చుట్టూ తిరిగి పోయారు. ఆమెతో నిలబడ్డవాళ్లు పద్దెనిమిది మంది. వాళ్లలో బుచ్చవ్వ ఉంది.

బుధవారం పెద్దసారు దిగేసరికి గూడ్సు వెనక నుంచి అరుపులు వినిపిస్తున్నాయి. మాస్టర్ వద్దంటున్నా ఆయన ఇవతలికి నడిచొచ్చాడు.

"ఆ రోజు అతను తాగి ఉన్నాడా? ఇంటివాళ్లు కాదు, చూసినవాళ్లు చెప్పండి" అని అడిగాడు.

లస్మవ్వ అంబదాస్ వైపు చూడలేదు. పేరు చెప్పొద్దని అతను అడిగాడు. పళ్లు బిగించి నేలను చూస్తూ నిలబడింది.

"తాగలేదు సార్." అంబదాస్ ముందుకొచ్చాడు. "కూత ఎయ్యకుండ బండి నడిచింది. జెండా ఊపింది మాస్టర్."

రెండు నెలలకు కాగితంలో 'తాగి' అన్న మాట కొట్టేశారు. గూడ్సును ఊరి దారి దగ్గర రెండుగా విడదీసి, మధ్యలో మనుషులు నడిచే దారి వదిలి ఆపమని ఉత్తర్వు వచ్చింది. మాస్టర్ కుర్చీ మాత్రం కదల్లేదు. అంబదాస్‌నే పిల్లలతో సహా ఎక్కడో దూరపు స్టేషన్‌కు మార్చారు.

కొత్త దారిన మొదటిరోజు లస్మవ్వ గంపతో నడిచి ప్లాట్‌ఫారం ఎక్కింది. మాస్టర్ నవ్వుతూ ఎదురొచ్చాడు.

"ఇప్పుడు సంతోషమేనా?"

ఆమె గంప కింద పెట్టింది.

"సంతోషమా? నలభై మంది రోజూ కుక్కల్లెక్క వంగి దూరుతుంటే కిటికీలకెల్లి చూసుకుంట చాయ తాగినవ్. నా మొగడు ఇప్పుడు వాకిట్ల దాక నడవలేడు. నిజం చెప్పినోన్ని ఊరు దాటిచ్చిన్రు. నువ్వు నన్ను సంతోషమా అని అడుగుతున్నవా?"

మాస్టర్ లోపలికి పోయి తలుపు వేసుకున్నాడు. ప్యాసింజరు వచ్చి ఆగింది. లస్మవ్వ గంప ఎత్తుకుని ఎక్కింది, కానీ డబ్బాలో కూర్చోలేకపోయింది. గనుల స్టేషన్ వచ్చేదాకా కడ్డీ పట్టుకుని నిలబడే ఉంది.