ఫ్రిజ్ లైటు పాట, మాంసం లాటరీ

ఆస్ట్రేలియాలోని పోర్ట్ కెంబ్లా అనే రేవు ఊళ్లో పుట్టిన 'తడి తువాళ్లు' బ్యాండుకు దేశమంతా తెలిసిన పాట ఒక్కటే ఉంది. దాన్ని రికార్డుకైతే పాడారు గానీ, జనం ముందు ఏనాడూ పాడలేదు.

ఆ పాట రాసింది డ్రమ్ములు వాయించే కెరీలీ. పంతొమ్మిది వందల తొంభై అయిదులో వాళ్లమ్మ వంటింట్లో కూర్చుని రాసింది. పేరు 'ఫ్రిజ్ లైటు'. అది రేడియోలో మోగి మోగి, చేపల కొట్టువాడు కూడా కూనిరాగం తీసేదాకా వచ్చింది. అప్పటినుంచీ గాయకుడు డారిన్ ముఖం మాడ్చుకున్నాడు. అందరికీ నచ్చింది కాబట్టి వేదిక మీద పాడకూడదన్నాడు. ఆ రోజుల్లో అలాంటి బ్యాండులకు అదొక నిష్ఠ. జనం ఆ పాట కావాలని అరిచేవారు, వీళ్లు గిటారు గోల వినిపించి దిగిపోయేవారు. కొన్నాళ్లకు జనం అరవడమూ మానేశారు, రావడమూ మానేశారు. డారిన్ కుళాయిలు బిగించే పనిలో చేరాడు. కెరీలీ స్కూలు బస్సు నడిపింది.

ఇన్నేళ్లకు, ఊళ్లో పెద్దవాళ్లు పచ్చిక మీద బంతులు దొర్లించుకునే బౌలింగ్ క్లబ్బు వాళ్లని మళ్లీ పాడమని పిలిచి, గుమ్మంలో 'తడి తువాళ్ల హిట్ పాటలు' అని బోర్డు పెట్టారు. కెరీలీ వాళ్లమ్మ బెరిల్ వచ్చి ముందు వరసలో కూర్చుంది. చచ్చేలోగా ఆ పాట వేదిక మీద వినాలని ఆవిడ కోరిక.

"ఇవాళైనా పాడదాంరా. అమ్మ వచ్చింది," అంది కెరీలీ.

"అది హిట్టు కదే!" అన్నాడు డారిన్.

"మరి బోర్డు మీద రాసిందేమిట్రా?"

"అది వెటకారం."

"అమ్మకి వెటకారం తెలీదు. చెవి మిషను పెట్టుకుని మరీ వచ్చింది."

డారిన్ తీగలు బిగించుకుని వేదికెక్కాడు.

కచేరీ సగంలో, చీటీ తగిలినవాళ్లకు పళ్లెం నిండా మాంసం ఇచ్చే లాటరీ వచ్చింది. శుక్రవారం ఆ క్లబ్బులో దేవుడు దిగొచ్చి పాడుతున్నా దానికోసం ఆపాల్సిందే. గెలిచినవాళ్లు స్వయంగా వచ్చి తీసుకోవాలి, లేదంటే ఇంకో చీటీ తీస్తారు. చీటీ తీసే మెర్వ్ కళ్లజోడు సవరించుకుని, "డారిన్! రా నాయనా, అంత గోల చేశావు, ఆకలేసుంటుంది," అన్నాడు.

డారిన్ గిటారు దించి హాలు చివరిదాకా వెళ్లాడు. పంది మాంసమా, గొర్రె ముక్కలా అని తేల్చుకోలేక నిలబడ్డాడు.

కెరీలీ అమ్మ వైపు చూసింది. మైకు తనవైపు వంచుకుని, కర్రలు తాటించి 'ఫ్రిజ్ లైటు' ఎత్తుకుంది.

రెండో చరణానికి హాలంతా అందుకుంది. డారిన్ గొర్రె ముక్కల పళ్లెంతో వేదికెక్కాడు. దాన్ని పెట్టడానికి చోటు లేదు, గిటారు అందుకోవడానికి చెయ్యి లేదు. పళ్లెం పట్టుకునే పల్లవి అందుకున్నాడు. ఒక్క మాట తప్పలేదు.

పాట అయ్యాక బెరిల్ చెవి మిషను సవరించుకుంది.

"బాగుందే తల్లీ," అంది. "వాణ్ణి ఆ గిటారు మానేసి పళ్లెమే పట్టుకోమను."